ట్యాంకు వెనక ఈశ్వరి తీగ

ఇలా రా హైందవీ, ఆ ఫోను అక్కడ పెట్టేసి నా పక్కన కూర్చో. ఇంకాస్త జరుగు. వంటింట్లో మీ అమ్మమ్మ ఉంది, వినపడిందంటే మధ్యలో దూరి తనవైపు కథ చెప్పేస్తుంది. నావైపు కథ ముందు విను.

పొద్దున అడిగావు కదా, నేను వండితే మొదటి ముద్ద అమ్మమ్మ ఎందుకు తింటుంది, అమ్మమ్మ వండితే నేనెందుకు తింటాను అని. మీ స్నేహితురాలింట్లో ముందు పిల్లలకి పెడతారట. పెడతారు, అన్ని ఇళ్ళలోనూ పెడతారు. మన ఇంట్లో ఈ పద్ధతి ఏ పెద్దలూ నేర్పింది కాదు. ఒక ఆషాఢమాసంలో, ఒక తీగ వల్ల వచ్చింది. అప్పటికి నువ్వు మీ అమ్మ కడుపులో ఉన్నావు. నాలుగో నెల.

నీకంటే ముందు ఒక బిడ్డ రావలసింది. అది నీకు తెలీదు, ఇప్పుడు తెలుసుకో. ఆ బిడ్డ నిలవలేదు. అదీ ఆషాఢమే, అదీ నాలుగో నెలే. మీ అమ్మ తన పుట్టిల్లు బోరబండలో రెండు రోజులుండి వచ్చిన మర్నాడు అలా జరిగిందని నాకు గుర్తు. నా చేతి వంట తిని పడుకున్నాక అలా జరిగిందని మీ అమ్మమ్మకి గుర్తు. రెండూ నిజమే. డాక్టరమ్మ ఇద్దరినీ కూర్చోబెట్టి, ఇందులో ఎవరి తప్పూ లేదు, చాలామందికి ఇలా జరుగుతుంది అంది. విన్నాం, తలూపాం. ఇంటికొచ్చాక ఎవరి అనుమానం వాళ్ళు మూటకట్టి దాచుకున్నాం.

మూట విప్పే సందర్భం ఏడాదికి వచ్చింది. నీ సంగతి తెలియగానే మీ అమ్మమ్మ రుద్రమ్మ బట్టల సంచి పట్టుకుని బోరబండ ఆటో దిగింది. "అయిదో నెల వడేదాంక నా బిడ్డ కాడనే ఉంట వదినా," అంది. ఉండండి వదినగారూ అన్నాను. అనకేం చేస్తాను. మీ నాన్న ప్రేమించి చేసుకున్న పిల్ల తల్లి. మీ అమ్మా నాన్నా ఈ అమీర్‌పేటలోనే ఒకే కోచింగు సెంటర్లో చదువుకుని ఒకర్నొకరు చూసుకున్నారు. ఆ పెళ్ళి నాకూ నచ్చలేదు, ఆవిడకీ నచ్చలేదు. మా ఇద్దరికీ కుదిరిన మొదటి మాట అదే.

ఆవిడ వచ్చిన వారంలో ఒకరోజు, వాన వెలిశాక కరివేపాకు కోసం డాబా మీదకి వెళ్ళాను. మన డాబా అప్పుడూ ఇలాగే ఉండేది. కింద అబ్బాయిల హాస్టలు, ఆరేసిన చొక్కాలు, ఎదురుగా కోర్సుల బోర్డులు, వాటి సందులోంచి వెళ్ళే మెట్రో రైలు. నా కరివేపాకు కుండీ మెట్ల పక్కన. రెండు రెమ్మలు తుంచుకుని తిరిగేసరికి నీళ్ళ ట్యాంకు వెనక ఏదో పచ్చగా కదిలింది. వెళ్ళి చూశాను. పాత పెయింటు డబ్బాలో ఒక తీగ. డిష్ కడ్డీకి దారం కట్టి పాకించారు ఎవరో.

ఆకు నలిపి వాసన చూశాను. నలిపిన ఆకు పారేసి, వేళ్ళు పమిటకి గట్టిగా తుడుచుకున్నాను.

మా పెద్దత్తగారు మా ఊళ్ళో కాన్పులు చేసేది. చదువు లేదు, నాకూ లేదు. కానీ ఆవిడ వెంట తిరిగి నేను చూసిన ఆకులు, వేర్లు అన్నీ నాకు కళ్ళకి కట్టినట్టుంటాయి. ఈ తీగ చూపించి ఆవిడ ఒకే మాట చెప్పింది. "దీన్ని ఈశ్వరి అంటారు. పాములు రాకుండా దొడ్డి చివర వేసుకుంటారు. కడుపుతో ఉన్న మనిషి ఇంటి చుట్టుపక్కల మాత్రం ఉండకూడదు." ఎందుకని అడిగాను. "నిలబడ్డది నిలబడదు," అంది.

ఇప్పుడు చెప్పు, అమీర్‌పేటలో మూడంతస్తుల పైన, ట్యాంకు చాటున, మళ్ళీ నాలుగో నెలలో ఆ తీగ ఎందుకుంది?

మర్నాడు మళ్ళీ వెళ్ళాను. నిన్న ఉన్న ఆకుల్లో కొన్ని లేవు. కొన్ని సగం వరకు లేవు, గోటితో గిల్లినట్టు. డబ్బా మట్టి మీద నల్లటి పొడి గింజలు గింజలుగా పడి ఉంది. ఎవరో ఆకు తెంపుతున్నారు, ఎండబెట్టి నూరుతున్నారు, నూరింది రాలింది. అనుకోవడానికి ఇంకేముంది? ఆ పొడి కాస్త కాగితంలో పొట్లం కట్టి దేవుడి గూట్లో, పసుపు డబ్బా వెనక పెట్టాను. రేపు ఎవరైనా రుజువు అడిగితే ఉండాలి కదా.

అప్పట్నుంచి వంటింట్లో నాకు రెండు కళ్ళు చాల్లేదు. మీ అమ్మమ్మ పొయ్యి మీద గిన్నె పెడితే మూత తీసి చూసేదాన్ని.

"ఏం కాస్తున్నారు వదినగారూ?"

"సొంటి నీళ్ళు. బిడ్డకు అరుగుతలేదంట."

"శొంఠి ఇంత నల్లగా ఉంటుందా?"

"బెల్లమేసిన. నల్లగుండక తెల్లగుంటదా?"

ఆవిడ చెంచా పక్కన పెట్టి నా గిన్నె వైపు వచ్చింది.

"గా గిన్నెల ఏం నానవెట్టినవ్?"

"మెంతులు."

"జర చూపియ్."

"మెంతులు ఎప్పుడూ చూడలేదా వదినగారూ?"

"చూసిన. మీ దిక్కు మెంతులు ఎట్లుంటయో అని."

చూసింది. ఒకటి నోట్లో వేసుకుని కొరికింది. అప్పుడైనా నాకు అర్థం కావాలి, ఆవిడ కూడా దేనికోసమో వెతుకుతోందని. కాలేదు. ఈ దొంగ నా మెంతుల్ని కూడా పరీక్ష చేస్తోందని మాత్రం అనుకున్నాను.

దానికి తోడు ఒక సీతాకోకచిలుక. నల్లటి రెక్కలు, కింది రెక్కల మీద తెల్ల మచ్చ, అంచునంతా ఎర్రటి బొట్లు, చివర తోకలు. ఎండ వస్తే చాలు, ఆ తీగ చుట్టూ గింగిరాలు కొట్టేది. కాసేపటికి చూస్తే నా కరివేపాకు మీద ఉండేది. ఆకు మీద కాలు ఆనించడం, లేవడం, ఇంకో ఆకు మీద ఆనించడం. ఈ మహాతల్లి ఆ విషం కాళ్ళకి అంటించుకొచ్చి నా కరివేపాకుకి పూస్తోందా అనిపించింది. నవ్వకు. ఆ రోజుల్లో ఈగ వాలినా నేను అనుమానించేదాన్ని. కరివేపాకు కొయ్యడం మానేశాను. కరివేపాకు లేకుండా పులుసు పెట్టాను, చారు పెట్టాను.

మీ అమ్మమ్మ కంచంలో వేలు పెట్టి కలిపి చూసింది. "మీద చెట్టు నిండ కల్యామాకున్నది. పులుసుల ఎందుకేస్తలేవ్ వదినా?"

"మరిచిపోయాను."

"నిన్న సుత మర్సినవ్," అంది. కంచం పక్కకి జరిపింది.

మీ నాన్నకి చెప్పాను. భార్గవ్, మీ అత్తగారు ఇచ్చేవేవీ మంజూషని తాగనివ్వకు అన్నాను. "ఏంటమ్మా నువ్వు, సీరియల్స్ తగ్గించు," అని నవ్వాడు. తీగ సంగతి చెప్పాను. పోయిన ఏడాది సంగతి కూడా గుర్తు చేశాను. నవ్వు ఆగిపోయింది. ఆ రోజు నుంచి మీ అమ్మ చేతిలో గ్లాసు చూస్తే, అదేంటి, ఎవరిచ్చారు అని అడగడం మొదలుపెట్టాడు. అవతల మీ అమ్మమ్మ తన కూతురికి ఏం చెప్పిందో నాకు తర్వాత తెలిసింది. మక్కీకి మక్కీ నేనన్న మాటే, పేరు మాత్రం నాది.

మీ అమ్మ ఎవరి గిన్నె జోలికీ పోలేదు. నాకు ఆకలి లేదత్తయ్యా అనేది. వాళ్ళమ్మకీ అదే చెప్పేది, ఆకలైతలేదమ్మా అని. ఆ పిల్ల ఇద్దరి భాషలోనూ పస్తు ఉంది.

పస్తు ఉంటే బతుకుతుందా? ఎక్కడో తింటోందని నాకు అనుమానం వచ్చింది. ఒకరోజు పొద్దున తను పనిచేసే ఇన్‌స్టిట్యూటుకి బయలుదేరితే నేను కొంగు నెత్తిన కప్పుకుని వెనకాలే వెళ్ళాను. మెట్రో మెట్ల దాకా వెళ్ళింది. అక్కడ పిల్లర్ పక్కన ఇడ్లీ బండి ఉంటుంది, హాస్టలు పిల్లలంతా నిలబడి తింటారు. వాళ్ళ మధ్య ప్లాస్టిక్ స్టూలు లాక్కుని కూర్చుంది మీ అమ్మ. ఇడ్లీ తుంచుతోంది, మింగుతోంది, నీళ్ళు తాగుతోంది. మెడ ఎత్తడం లేదు. ఇంకో ప్లేటు అడిగింది. వాన తుంపర ప్లేటులో పడుతుంటే చేయి అడ్డం పెట్టుకుని తింది.

నేను పిల్లర్ చాటుకి జరిగాను. అక్కడ అప్పటికే ఒక మనిషి ఉంది.

"మీరేంటి వదినగారూ ఇక్కడ?"

"ఉల్లిగడ్డలకొచ్చిన," అంది మీ అమ్మమ్మ.

"ఇక్కడ ఉల్లిపాయలెక్కడ అమ్ముతారు?"

"మరి నువ్వెందుకొచ్చినవ్?"

"చెప్పు తెగితే కుట్టించుకుందామని."

ఇద్దరం నా కాళ్ళ వంక చూశాం. రెండు చెప్పులూ బాగానే ఉన్నాయి. ఇద్దరం ఆవిడ చేతుల వంక చూశాం. సంచి లేదు. తర్వాత ఇద్దరం మీ అమ్మ వంక చూశాం. ఆ కూర్చున్న తీరు చూసి మీ అమ్మమ్మ గొంతులో ఏదో చిన్న చప్పుడు వచ్చింది. నేను విననట్టు ఊరుకున్నాను. తను తిని వెళ్ళిపోయాక, ఒకే సందులో, మధ్యలో ఒక ఆటో పట్టేంత దూరం వదిలి, ఇంటికి నడిచాం.

ఆ వారమే పంజాగుట్టలో ఆస్పత్రికి వెళ్ళాలి. ఇద్దరం వెంట వెళ్ళాం. నువ్వెళ్ళక్కర్లేదంటే నువ్వెళ్ళక్కర్లేదని ఇద్దరం అనుకుని, చివరికి ఇద్దరం ఎక్కాం. డాక్టరమ్మ మీ అమ్మని బరువు తూచి, మళ్ళీ దిగి ఎక్కమంది. పాత కాగితం చూసింది.

"తగ్గారేంటి? ఈ నెలల్లో పెరగాలి కదా. వాంతులా?"

"లేదు మేడమ్."

"తింటున్నారా?"

మీ అమ్మ తల దించుకుంది. డాక్టరమ్మ మా ఇద్దరి వైపు తిరిగింది. "ఇద్దరు పెద్దవాళ్ళున్నారు. ఇంట్లో ఎవరూ వండరా?"

వండకేం హైందవీ. రోజూ రెండు పొయ్యిలూ వెలుగుతూనే ఉన్నాయి.

"ఇలాగే ఉంటే అడ్మిట్ చేసుకుంటాను. వచ్చే వారం మళ్ళీ తీసుకురండి," అంది.

తిరిగొచ్చేటప్పుడు పంజాగుట్ట చౌరస్తాలో వాన. ఆటో కదల్లేదు. మీ అమ్మ మధ్యలో, మేం చెరోవైపు, పరదా లోంచి జల్లు కొడుతుంటే ఇద్దరం ఒకేసారి కొంగు తీసి ఆ పిల్ల మీద కప్పబోయాం. చేతులు తగిలాయి. ఇద్దరం వెనక్కి తీసుకున్నాం. పిల్ల తడిసింది.

ఇంటికి రాగానే ఒకటే నిశ్చయించుకున్నాను. మాటలు అనవసరం, తీగ లేకుండా చేస్తే గొడవే లేదు. మీ అమ్మ పడుకుంది. కూరగాయల చాకు పమిట చాటున పెట్టుకుని డాబా మెట్లెక్కాను. ట్యాంకు వెనక్కి తిరిగేసరికి మీ అమ్మమ్మ వంగి ఉంది. చేతిలో కత్తెర.

"దొరికారు వదినగారూ," అన్నాను.

"నువ్వే దొరికినవ్," అంది. నా చాకు చూసింది.

"నాటిన చేత్తోనే కోస్తున్నారా?"

"నేను నాటుడేంది? నేనొచ్చిన నాడే ఉండె గిది. ఇల్లు నీది, డాబా నీది, డబ్బ నీది. ఇంకెవరు నాటుతరు?"

"మీరొచ్చిన వారంలోనే నాకు కనపడింది."

"నాకు సుత గప్పుడే కనవడ్డది. మా అమ్మ కాన్పులు చేసేది వదినా. మా దిక్కు దీని పేరు సుత ఎత్తరు. చూడంగనే ఎర్కవట్టిన."

ఆ మాటకి నేను ఆగిపోయాను. తన తల్లీ కాన్పులు చేసేదా? అంటే ఈ తీగ సంగతి తెలిసిన మనిషి ఈ ఇంట్లో నేనొక్కదాన్నే కాదు. అది ఆవిడ మీద అనుమానం తగ్గించే మాటా, పెంచే మాటా? తేల్చుకోలేకపోయాను. ఆవిడా నా గురించి అదే తేల్చుకుంటోంది, మొహంలో కనపడుతోంది.

కత్తెర కిందికి దించి, నెమ్మదిగా అడిగింది. "పోయినేడు సుత గిదేనా?"

నాకు కోపం రావాలి. రాలేదు. సరిగ్గా ఆ మాటే నేను ఆవిడని అడగబోయాను. నోటి చివర ఉంది.

"కాదు," అన్నాను. "మీరు?"

"కాదు."

నమ్మామా అంటే నమ్మలేదు. కానీ ఇద్దరం కాదన్నాం. తీగకి అటొకరం ఇటొకరం నిలబడ్డాం.

"అది కొయ్యకండి," అని వినపడింది.

మీ అమ్మ. మెట్ల దగ్గర గోడ పట్టుకుని నిలబడి ఉంది. తడి జుట్టు అలాగే ఉంది.

"అది నాది. నేనే పెట్టాను."

మీ అమ్మమ్మ చేతిలో కత్తెర కింద పడింది. "నువ్వా? బిడ్డా, గిదేందో ఎర్కేనా నీకు?"

"ఎర్కే అమ్మా. సెరీనా ఇచ్చింది, మా ఇన్‌స్టిట్యూట్‌లో నాతో పనిచేసే అమ్మాయి. ఒట్టి చేత్తో ముట్టుకోవద్దు, నోట్లోకి పోనివ్వొద్దు అని చెప్పే ఇచ్చింది. చేతికి కవర్ కట్టుకుని నీళ్ళు పోస్తాను, చూసి వస్తాను. అంతే."

"మరి ఆకులెవరు తెంపుతున్నారు?" అన్నాను.

మీ అమ్మ నెమ్మదిగా వచ్చి, తీగకి కాస్త దూరంగా గొంతుక్కూర్చుని, వేలు పెట్టి చూపించింది. అన్ని రోజులు అక్కడే నిలబడి నేను చూడనిది. ఆకు అడుగున ఒక పురుగు. ముదురు వంకాయ రంగు, ఒళ్ళంతా మెత్తటి ముళ్ళు, ముళ్ళ కొసలు ఎర్రగా, నడుముకి తెల్లటి పట్టీ. తల అటూ ఇటూ ఆడిస్తూ ఆకు అంచుని కొరుకుతోంది. దాని కింద మట్టి మీద నల్ల గింజలు.

"ఆ పొడి..."

"దాని పెంట అత్తయ్యా."

నా దేవుడి గూట్లో పసుపు డబ్బా వెనక ఉన్న పొట్లం గుర్తొచ్చింది. ఎవరికీ చెప్పలేదు. తర్వాత మీ అమ్మమ్మకి దొరికింది. ఇప్పటికీ నలుగురిలో చెప్తుంది.

"ఇది అడవి జీవం," అంది మీ అమ్మ. "కొండల్లో, చెట్ల నీడల్లో, ఈ జాతి తీగ ఎక్కడ పాకితే అక్కడ బతుకుతుంది. దీని పిల్ల ఇంకో ఆకు ముట్టదు. ఆకులో విషాన్ని ఒంట్లో దాచుకుంటుంది, రెక్కలొచ్చాక కూడా అది అలాగే ఉంటుంది. ఒకసారి నోట్లో పెట్టుకున్న పిట్ట మళ్ళీ దీని జోలికి రాదు. ఈ ట్రాఫిక్కులో, ఇన్ని హాస్టళ్ళ మధ్య, ఒక్క తీగ పెడితే వస్తుందా అనుకున్నాను. వచ్చింది. వాసన పట్టుకుని వచ్చి గుడ్డు పెట్టి వెళ్ళింది."

"మరి కరివేపాకు మీద కూడా వాలుతోందే?"

"అది వేరేది. దానికి విషం లేదు, కరివేపాకు తిని పెరుగుతుంది. రెక్కలు మాత్రం దీని రెక్కల్లాగే ఉంటాయి. పిట్టలు చూసి అనుమానపడి వదిలేస్తాయి. దానికి అంతే కావాలి."

"రెండూ ఒక్కతీరుంటే ఎట్ల తెలుస్తది?" అంది మీ అమ్మమ్మ.

"ఒళ్ళు చూడాలమ్మా. దీని ఒళ్ళు ఎర్రగా ఉంటుంది. దానిది నలుపు. రెక్కలు చూస్తే తెలీదు."

మీ అమ్మమ్మ ఏదో అనబోయి మింగేసింది. నేనే అడిగాను. "మాకెందుకు చెప్పలేదమ్మా?"

మీ అమ్మ ఆ పురుగునే చూస్తూ చెప్పింది. "పోయినసారి అందరూ నా పొట్ట వంకే చూశారు. పోయాక కూడా ఆర్నెల్లు అక్కడే చూశారు. ఎవరూ అడగనిది ఒకటి పెరుగుతుంటే నేనొక్కదాన్నీ చూసుకోవాలనిపించింది." మా వైపు తిరిగింది. "మీరిద్దరూ తీగని కనిపెట్టేశారని నాకు తెలీదు. అమ్మ మీ చేతిది తినొద్దంది, ఆయన అమ్మ చేతిది తాగొద్దన్నాడు. ఎందుకో ఎవరూ చెప్పలేదు. మీరు ఒకరికొకరు కాపలా కాసుకుంటున్నారు. నన్నెవరూ అడగలేదు."

వాన మళ్ళీ మొదలైంది. ముగ్గురం దిగొచ్చాం. తీగని ఎవరూ కొయ్యలేదు.

దాంతో అయిపోయిందనుకున్నావా? తీగ ఎవరు పెట్టారో తెలిసింది, ఆకులేమయ్యాయో తెలిసింది. పోయిన ఏడాది సంగతి మాత్రం ఎక్కడిదక్కడే ఉంది. దాన్ని తెచ్చి చూపించే పురుగు ఏదీ లేదు.

ఆ సాయంత్రం నేను ముద్దపప్పు, వంకాయ పులుసు చేశాను, కరివేపాకు వేశాను. మీ అమ్మమ్మ పక్క పొయ్యి మీద జొన్నరొట్టె కాల్చి, పచ్చిపులుసు చేసింది. మీ నాన్న ఆఫీసు నుంచి వచ్చాడు. అందరం కింద కూర్చున్నాం. మీ అమ్మ కంచంలో అన్నీ వడ్డించాం. మీ అమ్మ చెయ్యి కంచం దాకా వచ్చింది. వచ్చి ఆగింది. మా మీద అలిగి కాదు, పిల్లకి తినాలనే ఉంది. కానీ వద్దు వద్దని అంతమంది నూరిపోశాక ఆ చెయ్యి తనంతట తాను కదలదు కదా.

మీ నాన్న, "బయట్నుంచి తెప్పించనా?" అన్నాడు.

మీ అమ్మమ్మ చెయ్యి చాపి మీ అమ్మ కంచం తన ముందుకి లాక్కుంది. నా పప్పు, నా పులుసు అన్నంలో కలిపింది. ముద్ద చేసింది. నా మొహంలోకి చూస్తూనే నోట్లో పెట్టుకుంది. నమిలింది, మింగింది.

"ఉప్పు తక్వయింది," అంది.

కంచం నా ముందుకి తోసింది. నేను ఆవిడ రొట్టె తుంచి పచ్చిపులుసులో ముంచాను. నిజం చెప్పాలంటే నోటి దాకా తెచ్చి ఒక క్షణం ఆగాను. ఆవిడ చూసింది, నేను ఆగడం. తిన్నాను.

"కారం దంచి పోశారా వదినగారూ," అన్నాను. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. కారానికే.

కంచం మీ అమ్మ ముందు పెట్టాం. తింది. మాట లేకుండా, ఇడ్లీ బండి దగ్గర తిన్నట్టే, మెడ ఎత్తకుండా తింది. ఇంకొంచెం అని అడిగింది. ఇద్దరం గరిటెలు పట్టుకుని లేచాం.

మర్నాడు కూడా అంతే. ఆ మర్నాడూ అంతే. ఇలా చేద్దామని ఎవరూ అనలేదు. కంచాలు పెట్టగానే నా వంట ఆవిడ ముందుకి వెళ్ళేది, ఆవిడ వంట నా ముందుకి వచ్చేది. తర్వాతి వారం పంజాగుట్టలో డాక్టరమ్మ బరువు చూసి, "ఇప్పుడెవరు వండుతున్నారు?" అంది. "ఇద్దరమూ," అన్నాం. ఆవిడ నవ్వింది. మేం నవ్వలేదు.

తీగ సంగతి చెప్పనేలేదు కదూ. మీ అమ్మని డాబా ఎక్కనివ్వలేదు మేం. పెయింటు డబ్బాని గోడ చివరికి జరిపి, చేతులకి కవర్లు కట్టుకుని మేమే నీళ్ళు పోశాం. నేనొక్కదాన్నీ వెళ్తే ఆవిడకి నచ్చదు, ఆవిడ ఒక్కతే వెళ్తే నాకు నచ్చదు. అందుకని రోజూ ఇద్దరం కలిసే ఎక్కేవాళ్ళం. ఎక్కాక కాసేపు కూర్చునేవాళ్ళం. వాళ్ళ అమ్మ చేసిన కాన్పులు ఆవిడ చెప్పేది, మా పెద్దత్తగారు చేసినవి నేను చెప్పేదాన్ని. బతికిన వాళ్ళవి, బతకని వాళ్ళవి. ఒక సాయంత్రం పోయిన ఏడాది బిడ్డ గురించి ఆవిడే ఎత్తింది. ఆడబిడ్డ అయ్యుండేదనుకుంటా వదినా అంది. నాకూ అలాగే అనిపించిందన్నాను. పురుగు ఆకు కొరుకుతుంటే చూస్తూ కూర్చున్నాం.

బోనాల డప్పులు అయిపోయి శ్రావణం వచ్చింది. పురుగు తినడం మానేసి, డిష్ కడ్డీకి దారంతో నడుము కట్టుకుని, మెలి తిరిగిన ఎండుటాకులా మారిపోయింది. చచ్చిపోయిందేమోనని నాకు అనుమానం. కాకి ఎత్తుకుపోతుందేమోనని ఆవిడకి. ఒక పొద్దున మేం ఎక్కేసరికి ఆ ఎండుటాకు చీలి ఉంది. పక్కనే తడి రెక్కలతో అది వేలాడుతోంది, కొత్త చీర ఆరేసినట్టు. మీ అమ్మని పిలిచాం. ఆ ఒక్కరోజూ డాబా ఎక్కనిచ్చాం. దూరంగా కుర్చీ వేసి కూర్చోబెట్టాం.

ఎండ పడేకొద్దీ రెక్కలు విచ్చుకున్నాయి. నలుపు, తెలుపు, ఎర్ర బొట్లు. ముగ్గురం రెక్కలు వదిలేసి ఒంటికేసి చూశాం. ఎర్రగా ఉంది, కుంకుమ బరిణెలో ముంచినట్టు. లేచి, తొందరేం లేనట్టు మెల్లగా ఎగురుతూ, కోర్సుల బోర్డు దాటి మెట్రో పట్టాల వైపు వెళ్ళిపోయింది. ఒక కాకి దాన్ని చూసింది. చూసి తల తిప్పుకుంది.

మీ అమ్మమ్మ అప్పుడు అంది, అన్నాళ్ళుగా మింగి దాచుకున్న మాట. "మనిద్దర్ల ఎర్ర ఒళ్ళు ఎవరిది వదినా?"

"ఇంకా తేలలేదు వదినగారూ," అన్నాను. "రోజూ తిని చూస్తున్నాను కదా."

మీ అమ్మ నవ్వింది. అంతకు ముందు ఏడాది ఆషాఢం తర్వాత ఆ నవ్వు నేను వినలేదు. నవ్వుతూ నవ్వుతూ పొట్ట పట్టుకుని ఆగిపోయింది. మేమిద్దరం కుర్చీ దగ్గరికి పరిగెత్తాం. "ఏం లేదు," అంది. "కదిలింది."

కదిలింది నువ్వే. మొదటిసారి.

అయిదో నెల పడింది, ఆరోది పడింది. మీ అమ్మమ్మ రోజూ సంచి సర్దుకుంటానంటుంది. ఇప్పటికీ అంటూనే ఉంది, ఆ సంచి మంచం కిందే ఉంది. మార్గశిరంలో నువ్వు పుట్టావు.

అదుగో, కంచాలు పెడుతున్న చప్పుడు. ఇవాళ వంట ఆవిడది, ముద్ద నాది. లేవకు, ఇంకొక్క మాట. ఆవిడ చెప్పే కథలో ముందు కత్తి పట్టుకుని ఎక్కింది నేనని ఉంటుంది. ఆవిడ కత్తెర సంగతి ఉండదు. మీ స్నేహితురాలు మళ్ళీ అడిగితే నేను చెప్పినట్టు చెప్పు. మేమిద్దరం లేని రోజున ఈ ఇంట్లో ఎవరైనా కంచం ముందు చెయ్యి ఆపి కూర్చుంటే, వాళ్ళకి కూడా చెప్పు, ముందు ఒక ముద్ద నువ్వు తిని చెప్పు. మర్చిపోవు కదా?

ఏదీ, నాకు నమ్మకం లేదు. ఇలా రా అన్న దగ్గర్నుంచి మొదలుపెట్టి, ఒకసారి నువ్వు చెప్పు, వింటాను.